మూకచిత్రముల నుండి వాక్చిత్రములకు: శ్రీ వై. వి. రావు

ఉద్యోగధర్మము వలన పుదుచ్చేరికి వచ్చి నివసించుచున్న తెలుగు కుటుంబములకు పరభాషాప్రాంత జీవితములోని కష్టసుఖములు కొత్తవి కావు. ఇంట ఒక భాష, అంగడిలో ఒక భాష, కచేరిలో మరియొక భాష. ఇట్టి జీవితమునే తన కళకు బాటగా మలచుకొన్న ఆంధ్రు డొకరు దక్షిణభారత చలనచిత్రచరిత్రలో కలరు. వారే శ్రీ యరగుడిపాటి వరదరావుగారు. లోకము వారిని వై. వి. రావు అను పేరుతో ఎరుగును.

వీరు 1903లో నెల్లూరిలో జన్మించిరి. యౌవనమున నాటకరంగమున ప్రవేశించి, పిదప చలనచిత్రములపై ఆసక్తి కలిగి కొల్హాపురము, బొంబాయి నగరములకు వెడలిరి. మద్రాసులో మూకచిత్రనిర్మాణము సాగుచున్న దినములలో గరుడగర్వభంగము, గజేంద్రమోక్షము మున్నగు చిత్రములలో నటించిరి. అచిరకాలములోనే దర్శకత్వము చేపట్టి పాండవ నిర్వాణము, హరిమాయ అను మూకచిత్రములను తీసిరి.

మూకచిత్రములకు భాషాభేదము లేదు. దృశ్యముల నడుమ కనిపించు అక్షరములను మార్చినచో ఒకే చిత్రము అన్ని ప్రాంతములకును చెల్లెడిది. చదువురాని ప్రేక్షకులకు ఆ అక్షరములను బిగ్గరగా చదివి వినిపించువా రుండెడివారు. నటునకు ముఖమే భాష. 1931 మార్చి 14వ తేదీన ఆలం ఆరా విడుదలయినంతనే ఈ స్థితి మారినది. నటునకు కంఠము వచ్చెను. కంఠముతోబాటు ఉచ్చారణయు, యాసయు, పొలిమేరలును వచ్చెను.

ఈ చిక్కు మన దేశమునకే పరిమితము కాదు. ఫ్రాన్సు దేశపు నటుడు చార్లెస్ బోయే 1920 నుండి మూకచిత్రములలో నటించెను. శబ్దయుగారంభమున హాలీవుడ్‌వారు తమ చిత్రములనే ఫ్రెంచిలో మరల తీయదలచినపుడు ఆయన అచ్చటకు వెళ్లెను. ఆ పద్ధతి త్వరలోనే మరుగున పడినను, ఆంగ్లమును సాధించి, ఫ్రెంచి యాసనే తన ఆకర్షణగా చేసికొని ఆయన ప్రఖ్యాతి గాంచెను. పశ్చిమమున ఆయన దాటిన ఏటిని దక్షిణదేశమున వై. వి. రావుగారు వేరొక రేవున దాటిరి.

కన్నడములో విడుదలైన తొలి వాక్చిత్రము సతీ సులోచన. దాని దర్శకుడు ఈ తెలుగువాడే. కొల్హాపురములో చిత్రీకరింపబడిన ఆ చిత్రము 1934 మార్చి 3వ తేదీన బెంగుళూరులో విడుదలయ్యెను. నాగేంద్రరావు రావణుడుగను, సుబ్బయ్యనాయుడు ఇంద్రజిత్తుగను నటింపగా, లక్ష్మణపాత్రను దర్శకుడే ధరించెను.

పిమ్మట 1937లో చింతామణి వెలువడెను. కాళ్లకూరి నారాయణరావుగారి నాటకము మూలమున ఆంధ్రులకు సుపరిచితమైన కథయే అది. తమిళమున త్యాగరాజ భాగవతరు నాయకుడు. కన్నడ నటి అశ్వత్థమ్మ నాయిక. ఒకే ప్రదర్శనశాలలో సంవత్సరము పాటు ఆడిన తొలి తమిళచిత్రముగా అది పేరొందెను. దాని లాభములతో మధురలో చింతామణి అను పేరుననే ఒక సినిమాహాలు నిర్మింపబడెను. 1941 నాటి తమిళ సావిత్రిలో మహారాష్ట్ర నటి శాంతా ఆప్టే తమిళము నేర్చుకొని సావిత్రి పాత్ర వహించెను, ఎం. ఎస్. సుబ్బులక్ష్మి నారదుడుగా పాడెను, సత్యవంతుడు వై. వి. రావుగారే.

మాతృభాషను వారు మరచినవారు కారు. 1939లో మళ్లీ పెళ్లి తీసి వితంతువివాహ సమస్యను తెరపైకి తెచ్చిరి. అందు కాంచనమాల సరసన తామే నటించిరి. 1940లో విశ్వమోహిని ద్వారా సినిమాలోకపు తెరచాటు బ్రతుకును చూపిరి. ఈ రెండింటికి బలిజేపల్లి లక్ష్మీకాంతకవిగారు రచన సాగించిరి. 1944లో వచ్చిన తాసీల్దారు, ఆంగ్లనాగరకతా వ్యామోహమున పడిన ఒక అధికారిని పరిహసించినది. దానిని చూచి మన బోటి ఉద్యోగులు కొంత తడుముకొనక తప్పదు.

1946 నాటి తమిళ లవంగిలో వీరు జగన్నాథ పండితరాయలుగా నటించిరి. షాజహాను ఆస్థానమున సన్మానము పొందిన ఆ ఆంధ్రకవి పాత్రకు, అన్యభాషలలో ఖ్యాతి గడించిన ఈ ఆంధ్రనటునికంటె తగినవాడెవడు? లవంగి పాత్రధారిణి కుమారి రుక్మిణి వీరి భార్య. తరువాతి కాలమున ప్రసిద్ధ నటిగా వెలుగొందిన లక్ష్మి వీరి కుమార్తె.

వై. వి. రావుగారు 1973లో దివంగతులైరి. తమిళులు చింతామణిని భాగవతరు చిత్రముగా స్మరింతురు. కన్నడిగులు సతీ సులోచనను తమ భాషకు తొలి వాక్కుగా గౌరవింతురు. కాని దాని ప్రతి నేడు లభ్యము కాదు. దక్షిణదేశపు మూకచిత్రములు దాదాపు అన్నియు నశించినవి. పొరుగు భాషలకు తన శ్రమను ధారవోసిన కళాకారుని ఆయా భాషలవారు తమవాడందురు. స్వభాషవారు దూరమయ్యెనని ఊరకుందురు. చిత్రములు మిగులనపుడు పేరైనను నిలుపుకొనుట మన విధి. మన బిడ్డలకు తొలినాటి తెలుగు నటుల కథలు చెప్పునపుడు ఈ నెల్లూరివారి పేరును కూడ చేర్చి చెప్పుదము.