కీర్తిశేషులు గూడవల్లి రామబ్రహ్మముగారు

విద్యార్థులారా! మన పాచిపెంట పూర్వము జమీందారీ సీమ. అట్టి సీమలలోని రైతుల కష్టములను మొట్టమొదట తెలుగుతెరపై జూపిన ధీరుని చరిత్రమును మీకు సంగ్రహముగా దెలుపుచున్నాము.

రామబ్రహ్మముగారు 1902వ సంవత్సరమున కృష్ణాజిల్లాలోని నందమూరు గ్రామమున జన్మించిరి. చెన్నపట్టణమున "ప్రజామిత్ర" పత్రికకు సంపాదకులై సంఘసంస్కరణమును బోధించిరి. 1932లో తెలుగు టాకీ పుట్టిన పిమ్మట కొన్నియేండ్లవరకు తెరపై పురాణకథలదే రాజ్యము. చదువురాని వారికిగూడ సంస్కరణమును బోధింపగలది చలనచిత్రమే యని యెంచి, వారు సారథి ఫిలిమ్స్ సంస్థ పక్షమున చిత్రనిర్మాణమునకు బూనుకొనిరి. చల్లపల్లి రాజావారు ఆ సంస్థకు పోషకులు.

1938లో "మాలపిల్ల" వెలువడెను. కథను గుడిపాటి వెంకటచలముగారును, సంభాషణలను తాపీ ధర్మారావుగారును వ్రాసిరి. హరిజనుల ఆలయప్రవేశమే ఇందలి సమస్య. మంటలలో జిక్కిన తన భార్యను హరిజనుడు రక్షింపగా ఆచారపరుడగు శాస్త్రిగారి మనస్సు మారుట చూచి జనులు కంటతడి పెట్టిరి.

మరుసటియేట "రైతుబిడ్డ" వచ్చెను. ఎన్నికలలో రైతుపక్షమున నిలిచి హింసలపాలైన చిన్నరైతు కథ యిది. ప్రసిద్ధ నటులు బళ్లారి రాఘవగారు ఇందు నటించిరి. వెంకటగిరి, బొబ్బిలి జమీందారులు దీనిని ప్రతిఘటించిరి; కొన్నిచోట్ల ప్రదర్శనము నిషేధింపబడెను. బొబ్బిలి మనకు దూరము కాదుగదా! జమీందారుని పోషణలో నుండియే జమీందారీ దౌష్ట్యమును ఖండించుటకు ఎంత గుండెధైర్యము కావలయునో యోచింపుడు. ధనము పోవునని తెలిసియు వారు వెనుదీయలేదు.

1940లో వారు తీసిన "ఇల్లాలు" చిత్రమునకు సంగీతము గూర్చినవారు మన సాలూరు ప్రాంతపు బిడ్డయగు సాలూరి రాజేశ్వరరావుగారు. అప్పటికి వారికి ఇరువదియేండ్లైనను నిండలేదు. చిన్నవారైనను ప్రతిభ గలవారికి దారి యిచ్చుట రామబ్రహ్మముగారి గుణము. తరువాత "పంతులమ్మ" 1943లోను, "మాయాలోకము" 1945లోను వెలువడెను.

"పల్నాటి యుద్ధము" చిత్రము పూర్తికాకుండగనే 1946వ సంవత్సరమున, తమ 44వ యేట, వారు పరమపదించిరి. మిగిలిన భాగమును ఎల్.వి. ప్రసాదుగారు పూర్తిచేయగా అది 1947లో విడుదలయ్యెను. 1948లో జమీందారీల రద్దు శాసనమును వచ్చెను. దానిని జూచు భాగ్యము వారికి లేకపోయెను.

విత్తినవాడే కోయవలెనను నియమము లేదు. ఫలము తన కంటబడకున్నను సత్యమును విడువక పనిచేయుట యెట్లో ఈ చరిత్రమునుండి మన పిల్లలు గ్రహింతురుగాక!