డోళ్లకు పాట కట్టిన సాలూరి రాజేశ్వరరావు గారు

ఈసారి గోడపత్రికలో నేను ఒక పెద్ద సంగీత దర్శకుని గురించి రాస్తున్న.

సాలూరి రాజేశ్వరరావు గారు 1922లో శివరామపురంలో పుట్టారు. ఆ ఊరు సాలూరు దగ్గర, ఇప్పటి పార్వతీపురం మన్యం జిల్లాలో ఉంది. నాన్న సన్యాసిరాజు గారు మృదంగం వాయించేవారు. అందుకే ఇంట్లోనే తాళం వచ్చేసింది. 1935లో 'శ్రీకృష్ణలీలలు' సినిమాలో కృష్ణుని వేషం వేసి పాడారు. అప్పుడు ఆయనకు ఇంచుమించు మన వయసే! తర్వాత కలకత్తా పోయి హిందుస్తానీ సంగీతం నేర్చుకున్నారు. 1940లో 'ఇల్లాలు' సినిమాకు సంగీతం చేశారు. తర్వాత మద్రాసు జెమినీ స్టూడియోలో పనిచేశారు.

అమెరికాలో డ్యూక్ ఎలింగ్టన్ గారి బ్యాండును 1929లోనే ఒక చిన్న సినిమాలో చూపించారు. మన దగ్గర పెద్ద వాద్యబృందం అంటే 1948లో వచ్చిన 'చంద్రలేఖ' అని చెప్పాలి. అది తమిళం, హిందీ సినిమా. తీసింది ఎస్.ఎస్.వాసన్ గారు, సంగీతం మన రాజేశ్వరరావు గారిది. అందులో దుర్మార్గుడైన రాజకుమారుడు చంద్రలేఖను బలవంతంగా పెండ్లి చేసుకోబోతాడు. ఆమె సరే అని, పెండ్లికి డోళ్ల ఆట కావాలంటుంది. మనుషులకంటె పెద్ద డోళ్లు వరుసగా పెడతారు. వాటి మీద ఆడపిల్లలు చిందులేస్తారు. ఆట అయిపోంగనే డోళ్ల లోపలినుంచి సైనికులు దుంకుతారు! ఆమెను కాపాడింది డోళ్లే.

అంతమంది వాయించేటప్పుడు ఎవరికి తోచినట్టు వాళ్లు కొడితే గోల అవుతుంది. ఎవరు ఎప్పుడు వాయించాలె, ఎప్పుడు ఆగాలె అని ముందే చెప్పేది సంగీత దర్శకుడే. రాజేశ్వరరావు గారు మన రాగాలనూ, పియానో, గిటారులాంటి వాద్యాలనూ కలిపారు. 'మల్లీశ్వరి' (1951), 'మిస్సమ్మ' (1955) పాటలు ఇప్పటికీ రేడియోలో వస్తాయి. ఆయన 1999లో చనిపోయారు.

ఇది ఎందుకు రాసిన్నంటే, మా తండాలో తీజ్ పండుగకు నగారా కొడతరు. అది ఉత్త చప్పుడు, సంగీతం కాదని కొందరు నవ్విండ్రు. నేను ఆ రోజు ఏమీ అనలేదు. ఇప్పుడు చెప్తున్న: మృదంగం కొట్టే ఇంట్లో పుట్టిన పిల్లవాడే డోళ్లను దేశమంతటికీ వినిపించిండు. వచ్చే వార్షికోత్సవానికి మేడం గారు ఒప్పుకుంటే మా నాయిన నగారా తెస్తడు. వినండి, తర్వాత చెప్పండి.

తప్పులుంటే మన్నించగలరు.

ఇట్లు,
9వ తరగతి విద్యార్థిని, నవాబుపేట