తుపాకిగుండు అలను పటమున పట్టిన మాక్ పండితుడు

ఎర్నెస్ట్ మాక్ 1838వ సంవత్సరమున మొరేవియా సీమయందు జన్మించెను. బాల్యమున నతని నొక మఠపాఠశాలలో చేర్పగా, వీనికి చదువు రాదనియు చేతిపని నేర్పుట మేలనియు ఉపాధ్యాయులు తండ్రికి చెప్పిరి. (ఈ మాట వ్రాయుచు ఉపాధ్యాయులమైన మేము సిగ్గుపడుచున్నాము.) తండ్రి యింటనే చదువు చెప్పెను, బాలుడు రెండేండ్లు వడ్రంగమును నేర్చెను. 1860లో వియన్నాయందు డాక్టరు పట్టమొంది, 1867 మొదలు ప్రేగు నగరమున ఆచార్యుడుగా నుండెను.

శబ్దము గాలిలో సెకండునకు సుమారు 340 మీటర్లు పోవును. గుండు అంతకంటె వేగముగ పోవునపుడు ముందున్న గాలికి దాని రాక తెలియదు. గాలి ఒక్కుమ్మడి అదుమబడి, పడవ వెంట నీటియలవలె, శంకువు ఆకారమున అల లేచును. వేగము హెచ్చినకొలది ఆ శంకువు సన్నమగును. కంటికి కనబడని ఈ యలను చూచుట యెట్లు? 1886లో మాక్ సూచించిన విధమున సాల్కర్ అను పండితుడు ఫ్యూమె రేవున ప్రయోగము చేసెను. గుండే తీగెలను తాకి విద్యుత్తు మెరుపును పుట్టింపగా, ఆ వెలుగున గుండును దాని యలయు ఛాయాపటమున పడెను. తుపాకి మ్రోత గాక, గుండు దాపున పోవునపుడు వినబడు మరియొక చప్పుడు ఈ యలదే.

ఇంతటివాడు పరమాణువులు కలవని చాలకాలము నమ్మకుండుట మాకు వింతగా తోచును. 1898లో పక్షవాతమున కుడిభాగము పడిపోయినను వ్రాత మానక, 1916లో మరణించెను. 1929లో ఆకెరెట్ అను పండితుడు శబ్దవేగముతో పోల్చు కొలతకు ఆయన పేరుంచెను. 1947 అక్టోబరు 14న యేగర్ నడిపిన బెల్ ఎక్స్-1 విమానము మాక్ 1.06 వేగమున పోయెను.