ఎందుకు అని అడిగిన వేటగాడు



జులై 25 జిమ్ కార్బెట్ పుట్టినరోజు. మరో నాలుగు రోజులకే, జులై 29న, అంతర్జాతీయ పులుల దినోత్సవం. ఈ నెలలో మీ పిల్లలు చార్ట్ పేపర్, స్కెచ్ పెన్నులు కావాలని అడిగితే కారణం ఇదే కావచ్చు. చార్ట్ మీద పులి బొమ్మతో పాటు, పులుల కోసం పాటుపడిన ఈ మనిషి కథ కూడా వాళ్లకు తెలిస్తే బాగుంటుంది. మీరు చదివి చెప్పడానికి వీలుగా ఆ కథ ఇక్కడ ఇస్తున్నాం.

కార్బెట్ 1875లో నైనితాల్‌లో పుట్టారు. ఇప్పుడు అది ఉత్తరాఖండ్‌లో ఉంది. తండ్రి ఆ ఊరి పోస్ట్‌మాస్టర్. పిల్లలు ఎక్కువ, జీతం తక్కువ. జిమ్ చిన్నతనంలోనే తండ్రి చనిపోవడంతో ఇంటి భారమంతా తల్లి మేరీ జేన్ మీద పడింది. చలికాలం రాగానే కుటుంబమంతా కొండ దిగి కాలాఢుంగికి వెళ్లేది. ఇంటి వెనుకే అడవి. జిమ్‌కు అసలైన క్లాస్‌రూమ్ అదే. ఏ పిట్ట ఏ సమయంలో కూస్తుంది, పులి కనబడితే జింక ఎలా అరుస్తుంది, మట్టిలో పడిన అడుగు ఎంతసేపటి క్రితంది అన్నవన్నీ చెవులతో, కళ్లతో నేర్చుకున్నారు. చేతిలో మొదట క్యాటపుల్ట్, తర్వాత విల్లంబులు, ఆ తర్వాత పాత తుపాకీ.

ఆ వయసులోనే ఒక రోజు అడవికోళ్ల కోసం ఒక పొద చాటుకు పాకుతూ వెళ్లారు. పొదలోంచి ఒక పులి లేచి బయటకు వచ్చింది. వెనక్కి తిరిగి ఈ పిల్లవాడిని ఒకసారి చూసి, తన దారిన తాను మెల్లగా వెళ్లిపోయింది. పులికి తనతో పని లేదని జిమ్‌కు అర్థమైంది. ఆ చూపును ఆయన జీవితాంతం గుర్తుపెట్టుకున్నారు.

స్కూల్ తర్వాత పై చదువులకు డబ్బు లేదు. రైల్వేలో చేరి, బీహార్‌లోని మొకామా ఘాట్ దగ్గర గంగానదిని దాటించే సరుకు ఎగుమతి దిగుమతుల కాంట్రాక్టర్‌గా ఇరవై ఏళ్లకు పైగా పనిచేశారు. సెలవు దొరికితే చాలు, కొండలకు వచ్చేవారు.

1907లో కుమావూ కొండల్లోని చంపావత్ ప్రాంతాన్ని ఒక ఆడపులి వణికిస్తోంది. నేపాల్‌లో 200 మందిని, కుమావూలో 236 మందిని, మొత్తం 436 మందిని అది చంపిందని లెక్క. దాన్ని వేటాడమని ప్రభుత్వం అడిగినప్పుడు కార్బెట్ రెండు షరతులు పెట్టారు. దాని మీద ప్రకటించిన బహుమతులన్నీ రద్దు చేయాలి. మిగతా వేటగాళ్లందరినీ వెనక్కి పిలవాలి. డబ్బు కోసం ప్రాణం తీసేవాడన్న పేరు ఆయనకు ఇష్టం లేదు.

ఆయన పాలీ అనే ఊరు చేరేసరికి జనం ఐదు రోజులుగా తలుపులు తీయలేదు. ఆ ఊళ్లో మాట పోయిన ఒక స్త్రీ ఉంది. ఏడాది కిందట పులి తన అక్కను ఎత్తుకుపోతుంటే, కొడవలి పట్టుకుని దాని వెంట పరుగెత్తిన ధైర్యవంతురాలు ఆమె. ఆ రోజు నుంచి నోట మాట రాలేదు. కొన్ని రోజుల తర్వాత దాదాపు 300 మంది జనం డప్పులు, కేకలతో కొండ మీంచి పులిని తరిమితే, కింద కార్బెట్ దాన్ని కాల్చారు. దాని చర్మం తెచ్చి చూపించగానే ఆమెకు మాట తిరిగి వచ్చిందని ఆయన రాశారు.

మామూలు వేటగాడైతే అక్కడితో కథ అయిపోయేది. కార్బెట్ మాత్రం చనిపోయిన పులి నోరు తెరిచి చూశారు. కుడివైపు కోరపళ్లు రెండూ విరిగి ఉన్నాయి. ఎప్పుడో ఎవరో కాల్చిన గుండు తగిలి విరిగినవి. ఆ నోటితో అది జింకను పట్టలేదు. అందుకే మనిషి మీద పడింది.

అప్పటి నుంచి ప్రతిసారీ ఆయన ఇదే పని చేశారు. ముక్తేశ్వర్ ఆడపులికి ఒక కన్ను పోయింది, ముందు కాలిలో దాదాపు 50 ఏదుపంది ముళ్లు గుచ్చుకుని ఉన్నాయి. గాయమో, ముసలితనమో, పోయిన పళ్లో... దాదాపు ప్రతి కేసులో ఏదో ఒక కారణం కనిపించింది. చాలాసార్లు ఆ గాయం మనిషి చేసిందే. గురి తప్పిన వేటగాడు గాయపడిన పులిని అలాగే వదిలేసి ఇంటికి వెళ్తాడు. దాని ఫలితం అడవి అంచున గడ్డి కోసుకునే పేదవాళ్లు అనుభవిస్తారు.

మన వైపు నుంచి కేదార్‌నాథ్, బదరీనాథ్ వెళ్లినవాళ్లకు రుద్రప్రయాగ తెలుసు. ఆ యాత్రా మార్గంలో ఒక చిరుతపులి ఎనిమిదేళ్లలో 125 మందిని చంపింది. అది దుష్టశక్తి అని జనం నమ్మారు. 1926లో, మామిడి చెట్టు మీద వరుసగా రాత్రులు కాపు కాసి, కార్బెట్ దాన్ని కాల్చారు. కిందికి దిగి చూస్తే అదొక ముసలి చిరుత, అంతే. 1918 ఇన్‌ఫ్లుయెంజాలో దహనానికి నోచుకోక లోయల్లో పడిన శవాల వల్లే దానికి మనిషి మాంసం అలవాటై ఉంటుందని ఆయన అభిప్రాయం.

ఇక్కడ ఒక నిజం పిల్లల దగ్గర దాచక్కర్లేదు. కార్బెట్ రాత్రికి రాత్రి మారిపోలేదు. 1930లో, ఎవరికీ హాని చేయని పోవల్‌గఢ్ పెద్దపులిని కూడా ఆయన కాల్చారు. కానీ ఎఫ్. డబ్ల్యూ. ఛాంపియన్ అనే అటవీ అధికారి తీసిన పులుల ఫోటోలు ఆయన్ని ఆలోచింపజేశాయి. తుపాకీ పక్కన పెట్టి సినీ కెమెరా పట్టారు. కెమెరా చప్పుడు పులులకు వినపడకుండా సన్నని నీటిపాయకు అడ్డుకట్టలు కట్టి, నెలల తరబడి ఓపికగా చిత్రీకరించారు. స్కూళ్లకు వెళ్లి పిల్లలకు అడవి గురించి చెప్పేవారు. 1936లో భారతదేశపు మొదటి నేషనల్ పార్క్, హేలీ నేషనల్ పార్క్ ఏర్పడటంలో ఆయన పాత్ర ఉంది.

మనుషుల్నీ ఆయన మరిచిపోలేదు. ఛోటీ హల్ద్వానీ అనే ఊరు ఏర్పాటు చేసి, అడవి జంతువులు పంటల మీద పడకుండా చుట్టూ రాతి గోడ కట్టించారు. ఊరివాళ్లు ఆయన్ని ప్రేమగా కార్పెట్ సాహిబ్ అనేవారు. 1944లో, 69వ ఏట వచ్చిన ఆయన పుస్తకం మ్యాన్-ఈటర్స్ ఆఫ్ కుమావూ ప్రపంచమంతా చదివింది. 1947లో అక్క మ్యాగీతో కలిసి కెన్యా వెళ్లి, 1955లో అక్కడే కన్నుమూశారు. తర్వాత ఆ పార్కుకు ఆయన పేరే పెట్టారు. 1973లో ప్రాజెక్ట్ టైగర్ మొదలైంది అక్కడే. 2022 లెక్కల ప్రకారం కార్బెట్ రిజర్వ్‌లో 260 పులులు ఉన్నాయి.

ఇదంతా మనకు ఎక్కడో దూరపు సంగతి కాదు. 2023 ఆగస్టులో అలిపిరి నడకదారిలో చిరుత ఒక చిన్నారిని పొట్టన పెట్టుకుంది. ఆ వార్త విన్న ప్రతి తల్లీ తండ్రీ తల్లడిల్లారు. ఆ బాధ, ఆ కోపం న్యాయమైనవి. ఆ తర్వాత చిన్నపిల్లలు నడిచే వేళలు మార్చారు, గుంపులుగా వెళ్లమన్నారు, భక్తుల చేతికి కర్రలిచ్చారు. పాలీ ఊరివాళ్ల ప్రాణం ఎంత ముఖ్యమో కార్బెట్‌కు తెలుసు. అందుకే తుపాకీ తీసుకున్నారు. కానీ ఇది ఎందుకు జరిగింది అని కూడా అడిగారు. ఆ ప్రశ్న అడిగితేనే రేపు ఇంకో బిడ్డను కాపాడుకోగలం.

శ్రీశైలం వెళ్లేటప్పుడు మన కార్లు వెళ్లేది పులుల అభయారణ్యం మధ్యలోంచే. ఈసారి వెళ్లినప్పుడు మీ పిల్లలతో ఈ మూడు పాటించండి.

1. దారిలో కోతులకు చిప్స్, అరటిపళ్లు వేయకండి. తిండికి అలవాటుపడి అవి రోడ్డు మీదికొస్తాయి, వాటి కోసం చిరుత వస్తుంది.

2. కవర్లు, బాటిళ్లు, మిగిలిన అన్నం ఒక సంచిలో వేసి ఇంటికి తెచ్చేయండి.

3. రాత్రిపూట అడవి గేట్లు మూసేస్తే విసుక్కోకుండా, ఎందుకు మూస్తారో పిల్లలకు చెప్పండి. ఆ వేళ రోడ్డు దాటే హక్కు జంతువులది.

చార్ట్‌లో పులి బొమ్మ కింద పేరు రాసేటప్పుడు, అది మనిషి మీదికి ఎప్పుడు వస్తుంది, ఎందుకు వస్తుంది అని కూడా రెండు లైన్లు రాయమని మీ అబ్బాయికో అమ్మాయికో చెప్పండి. జవాబు తెలియకపోతే, కలిసి వెతకండి.