కుమురం భీం: తన విముక్తి, మనందరి విముక్తి

ఏటా ఆశ్వయుజ పౌర్ణమికి మన జనం గూడేల నుంచి జోడేఘాట్‌కు తరలి వస్తారు. జెండా ఎగరేస్తారు, సమాధి దగ్గర పూజ చేస్తారు, డోలు, పెప్రే, కాలికోమ్ మోగిస్తారు. మన పిల్లలందరికీ భీం పేరు తెలుసు. విగ్రహం తెలుసు. 2016లో ఏర్పడిన జిల్లాకు ఆయన పేరే పెట్టారని తెలుసు. కానీ ఆయన బతుకు గురించి చెప్పమంటే చాలామంది చివరి రోజు కాల్పుల దగ్గరే మొదలుపెడతారు. ఆ రోజుకు ముందు ఆయనకు తానొక్కడు హాయిగా బతికే అవకాశం ఒకటికి మూడుసార్లు వచ్చింది. మూడుసార్లూ ఆయన ఏం చేశాడో తెలుసుకుంటేనే విముక్తి అంటే ఏమిటో మనకు అర్థమవుతుంది.

పుట్టిన గూడెం, మారిన అడవి

భీం 1901లో ఆసిఫాబాద్ ప్రాంతంలోని సంకెపల్లిలో గోండు కుటుంబంలో పుట్టాడు. తండ్రి పేరు చిన్ను. అది నిజాం పాలనా కాలం. తాతల నాటి నుంచి మనవాళ్లు పోడు కొట్టి, పశువులు మేపి, ఇప్పపువ్వు ఏరుకుని బతికిన అడవిని సర్కారు రిజర్వు చేసి హద్దులు గీసింది. హద్దు లోపల పడ్డ గూడేలను ఖాళీ చేయమంది. మేతకు పన్ను, కట్టెలకు పన్ను, నాగలికి కర్ర కొట్టుకుంటే జరిమానా. జంగ్లాత్ వాళ్లు వస్తున్నారంటే కోళ్లు, నెయ్యి సిద్ధం చేసి పెట్టాల్సిందే.

హద్దు బయట ఉన్న మంచి భూములు ఇంకో దారిలో పోయాయి. పట్టా అంటే ఏమిటో మనవాళ్లకు తెలియదు. దున్నినవాడిదే భూమి అనుకున్నారు. కాగితం తెలిసిన షావుకార్లు, బయటి నుంచి వచ్చిన రైతులు ఆ భూములను తమ పేర రాయించుకున్నారు. మన చేతిలో నాగలి ఉంది, వాళ్ల చేతిలో కాగితం ఉంది. కచేరీలో కాగితమే గెలిచింది.

మొదటి అవకాశం: దూరంగా బతకడం

మన పెద్దలు చెప్పుకునే కథలో, తండ్రి పోయాక భీం కుటుంబం సుర్దాపూర్ చేరి అడవి నరికి సాగు మొదలుపెట్టింది. పంట చేతికొచ్చే వేళ సిద్దిక్ అనే అతను వచ్చి భూమి తనదన్నాడు. గొడవలో భీం కొట్టిన దెబ్బకు అతను చనిపోయాడు. భీం పారిపోక తప్పలేదు.

అలా చాందా చేరి, విఠోబా అనే ఆయన నడిపే ముద్రణాలయంలో పనికి కుదిరాడు. అక్కడే చదవడం, రాయడం నేర్చుకున్నాడు. బడి ముఖం చూడని గోండు యువకుడు అచ్చుయంత్రం పక్కన నిలబడి అక్షరాలు దిద్దుకున్నాడు. తర్వాత అస్సాం వెళ్లి తేయాకు తోటల్లో కొన్నేళ్లు కూలి చేశాడు. తోట యజమాని ముందు కూలీ బతుకు ఎలా ఉంటుందో కళ్లారా చూశాడు. దోపిడీ ఒక్క ఆసిఫాబాద్ అడవిలోనే లేదని అక్కడ తెలిసింది.

అస్సాంలో ఆయన్ని పట్టుకునేవాళ్లు లేరు. పేరు మార్చుకుని అక్కడే ఉండిపోయినా అడిగేవాళ్లు లేరు. అయినా తిరిగి వచ్చాడు.

రెండో అవకాశం: నెమ్మదిగా బతకడం

వచ్చాక కాకన్‌ఘాట్‌లో లచ్చుపటేల్ దగ్గర ఉన్నాడు. లచ్చుపటేల్ భూమి తగాదా కచేరీలో నలుగుతుంటే, నేర్చుకున్న చదువుతో భీం ఆ వ్యవహారాన్ని నడిపి గెలిపించాడని చెప్పుకుంటారు. దాంతో చుట్టుపక్కల గూడేల్లో ఆయన మాటకు విలువ పెరిగింది. సోంబాయితో పెళ్లి అయ్యింది. సొంత సాగు చేసుకుంటూ ఇల్లు చూసుకుంటే చాలు, బతుకు సాఫీగా గడిచిపోయేది.

కానీ ఆయన బాబేఝరి వైపు వెళ్లాడు. భూమిలేని కుటుంబాలతో కలిసి అడవి నరికి సాగు చేయించాడు. జోడేఘాట్, బాబేఝరి, పట్నాపూర్, శివగూడ వంటి పన్నెండు గూడేలు ఒక్కటయ్యాయి. కుమురం సూరు లాంటి సహచరులు తోడు నిలిచారు. అధికారులు గుడిసెలు తగలబెట్టారు, పంటలు పాడుచేశారు, కేసులు పెట్టారు. భీం ముందుగా తుపాకీ పట్టుకోలేదు. అర్జీలు పెట్టాడు, హైదరాబాద్ దాకా వెళ్లి నిజాం సర్కారుకు గోడు చెప్పుకోవాలని చూశాడు. అక్కడ న్యాయం దొరకలేదు.

మూడో అవకాశం: అన్నిటికంటే పెద్దది

పోరు ముదిరాక సర్కారు రాయబారం పంపింది. సాగు చేస్తున్న భూములకు పట్టాలిస్తామంది, భీంకు అందరికంటే ఎక్కువ భూమి ఇస్తామంది. ఆ పూట తలూపి ఉంటే ఆయన ఆ ప్రాంతంలో పెద్ద పటేల్ అయ్యేవాడు.

భీం ఒప్పుకోలేదు. జైల్లో ఉన్న తనవాళ్లను విడిచిపెట్టాలన్నాడు. పన్నెండు గూడేల నీరు, అడవి, భూమి మీద ఆ గూడేలకే అధికారం ఉండాలన్నాడు. పట్టా తీసుకుంటే తనొక్కడు బతుకుతాడు. పక్క గూడెం మళ్లీ జంగ్లాత్ వాళ్ల దయ మీదే ఉంటుంది. రేపు పశువులు ఎక్కడ మేయాలో, ఇంటికి దూలం ఎక్కడ కొట్టుకోవాలో ఎవరో చెబుతారు. చుట్టూ భయం ఉన్నప్పుడు ఒక్క ఇంటికి వచ్చిన స్వేచ్ఛ ఎన్నాళ్లు నిలుస్తుంది? భీం తీసుకున్న నిర్ణయంలో మాకు కనిపించే అర్థం ఇదే.

1940లో పోలీసులు జోడేఘాట్ గుట్ట ఎక్కారు. కాల్పుల్లో భీం, ఆయన సహచరులు అమరులయ్యారు.

ఆ తర్వాత

ఆ రక్తం ఊరికే ఇంకిపోలేదు. గోండులు ఎందుకు తిరగబడ్డారో తెలుసుకోక నిజాం సర్కారుకు తప్పలేదు. మానవ శాస్త్రవేత్త హైమన్‌డార్ఫ్ మన గూడేలకు వచ్చి, మనవాళ్ల మధ్య ఉండి, భూములు పోయిన తీరును రాసి చూపించాడు. వేలాది ఆదివాసీ కుటుంబాలకు పట్టాలు వచ్చాయి. 1943లో మార్లవాయిలో గోండు యువకులకు ఉపాధ్యాయ శిక్షణ మొదలైంది, గోండి భాషలో వాచకాలు తయారయ్యాయి. టీచర్ ట్రైనింగ్ చేసి వచ్చిన మా వంటి వాళ్లకు మార్లవాయి పేరు వింటేనే ఒళ్లు పులకరిస్తుంది. భీం చాందాలో ఒంటరిగా నేర్చుకున్న అక్షరం అక్కడ గూడెం పిల్లలందరి దగ్గరికీ వచ్చింది.

యువతకు మా మాట

హాస్టల్ పిల్లల మధ్య ఉండే మాకు రెండు మాటలు తరచూ వినిపిస్తాయి. చదువుకుని ఉద్యోగం తెచ్చుకుని గూడెం వదిలితే చాలు, విముక్తి దొరికినట్టేనని కొందరంటారు. ఈ చదువుల వల్ల ఏమొస్తుంది, పోరాటం ఒక్కటే దారి అని ఇంకొందరంటారు. భీం జీవితం ముందు రెండూ సగం మాటలే. అక్షరం నేర్వకపోతే, దేశం చూడకపోతే, తనలోని భయం పోగొట్టుకోకపోతే ఆయన పన్నెండు గూడేలను కలిపేవాడు కాదు. నేర్చుకున్నది తనకే ఉంచుకుంటే ఈరోజు మనం ఆయన పేరు తలిచేవాళ్లమే కాదు.

ఈ రెంటినీ కలిపే పని ఇప్పుడు మీ చేతిలో ఉంది. 2006 అటవీ హక్కుల చట్టంలో కుటుంబానికి ఇచ్చే వ్యక్తిగత హక్కు ఉంది, గూడెం మొత్తానికి ఇచ్చే సామూహిక హక్కూ ఉంది. సొంత పట్టా కోసం అందరం తిరుగుతాం. ఊరి అడవి మీద సామూహిక హక్కు అడగడం మాత్రం మరిచిపోతాం. ఆ దరఖాస్తు మొదలయ్యేది గ్రామసభలోనే. పండక్కి ఇంటికి వెళ్లినప్పుడు తాత పెట్టెలో ఉన్న కాగితాలు తీసి చదివి వినిపించండి. సర్వే నంబరు, విస్తీర్ణం సరిచూడండి. గ్రామసభ ఉంటే వెనక నిలబడకుండా ముందు కూర్చోండి, తీర్మానంలో ఏం రాశారో అందరికీ గోండిలో, కొలామిలో, మీ ఇంటి భాషలో చెప్పండి. ఉద్యోగం వచ్చినవాళ్లు వెనకొచ్చే ఒక్క తమ్ముడికో చెల్లెలికో ఫారం నింపడం నేర్పండి.

నాడు కాగితం తెలియక భూములు పోగొట్టుకున్నాం. నేడు కాగితం చదవగలిగిన తరం మీది. ఆ చదువు మీ ఇంటి గడప దాటి గూడేనికి చేరాలి. భీంకు మనం పెట్టే నివాళి అదే.

జోహార్ కుమురం భీం!