తెర వెనుక మనిషి: బి.ఎన్. సర్కార్

మీరు సినిమా చూసేటప్పుడు నటీనటులను గుర్తుపడతారు. పాడినవారి పేరు, దర్శకుడి పేరు కూడా చెప్పగలరు. మరి డబ్బు పెట్టి, పనివారిని చేర్చి, నష్టం వస్తే తానే భరించే నిర్మాత పేరు ఎంతమందికి గుర్తుంటుంది? అటువంటి ఒక నిర్మాత గురించి ఇప్పుడు తెలుసుకుందాం.

బీరేంద్రనాథ్ సర్కార్ 1901లో భాగల్పూర్‌లో జన్మించారు. తండ్రి నృపేంద్రనాథ్ కలకత్తాలో పేరుమోసిన న్యాయవాది. కొడుకు మాత్రం లండన్‌లో ఇంజనీరింగ్ చదివి వచ్చారు. కలకత్తాలో 'చిత్ర' అనే సినిమా హాలు కట్టించారు. 1930 చివర దానిని సుభాష్ చంద్రబోస్ ప్రారంభించారు. 1931 ఫిబ్రవరిలో సర్కార్ టాలీగంజ్‌లో 'న్యూ థియేటర్స్' సంస్థను స్థాపించారు. ఏనుగు బొమ్మ దాని గుర్తు.

అప్పుడే సినిమాకు మాట వచ్చింది. ఆ పని ఎవరికీ సరిగా తెలియదు. న్యూ థియేటర్స్ తొలి చిత్రాలు వరుసగా దెబ్బతిన్నాయి. రవీంద్రనాథ్ ఠాగూర్ స్వయంగా దర్శకత్వం వహించిన 'నటీర్ పూజ' (1932) కూడా ఆడలేదు. కుందన్‌లాల్ సైగల్ అనే కొత్త గాయకుడితో తీసిన హిందీ చిత్రాలు ఒకటి కాదు, మూడు పోయాయి. మీరే ఆ నిర్మాత అయితే ఏం చేసేవారు? సర్కార్ సైగల్‌ను పంపివేయలేదు. 1933లో 'పూరన్ భగత్'లో సైగల్ పాడిన పాటలు జనం నోళ్లలో నిలిచాయి. 1935లో హిందీ 'దేవదాస్' ఆయనను దేశమంతటికీ తెలిపింది. (1953లో తెలుగులో వచ్చిన 'దేవదాసు'కూ శరత్ రాసిన ఆ నవలే ఆధారం.)

న్యూ థియేటర్స్‌లో దర్శకులు, సంగీత దర్శకులు, శబ్దగ్రాహకులు నెలజీతాల మీద పనిచేసేవారు. రేపటి తిండికి వెతుక్కోనక్కరలేదు కనుక కొత్త ప్రయోగాలు చేయగలిగారు. ముందుగా పాట రికార్డు చేసుకొని, తెరపై నటులు పెదవులు కదిపే పద్ధతిని 1935లో 'భాగ్యచక్ర' చిత్రంలో వాడారు. నేటికీ మన సినిమా పాటలు ఎక్కువగా ఇలాగే చిత్రీకరిస్తారు. 'దేవదాస్'కు కెమెరా పట్టిన బిమల్ రాయ్‌ను దర్శకుడిగా నిలబెట్టింది కూడా ఈ సంస్థే. ఆయన తొలి కథాచిత్రం 'ఉదయేర్ పథే' 1944లో వచ్చింది.

కానీ రోజులు మారాయి. 1940లో స్టూడియోలో నిప్పంటుకొని పాత నెగటివ్‌లు ఎన్నో కాలిపోయాయి. యుద్ధకాలంలో ముడిఫిల్ముకు కరువు వచ్చింది. సైగల్, నితిన్ బోస్ వంటివారు బొంబాయికి వెళ్లారు. 1947లో దేశవిభజనతో తూర్పు బెంగాల్ ప్రేక్షకులు దూరమయ్యారు. నెలజీతాల భారం మాత్రం తగ్గలేదు. 1950ల మధ్యకల్లా న్యూ థియేటర్స్‌లో చిత్రనిర్మాణం ఆగిపోయింది.

1970వ సంవత్సరానికి సర్కార్‌కు దాదాసాహెబ్ ఫాల్కే పురస్కారం లభించింది. తరువాతి రెండేళ్ల పురస్కారాలు పృథ్వీరాజ్ కపూర్‌కు, పంకజ్ మల్లిక్‌కు దక్కాయి. ఆ ఇద్దరూ ఒకప్పుడు ఆయన స్టూడియోలో పనిచేసినవారే. సర్కార్ 1980 నవంబరులో మరణించారు.