తెర వెనుక చిత్రకారుడు – మా. గోఖలే

‘మాయాబజార్’ చిత్రంలో ద్వారకా నగరం కనిపిస్తుంది. ఎత్తయిన మేడలు, గోపురాలు, వాటిలో మినుకుమినుకుమనే దీపాలు! చూసేవారికి అది నిజమైన పట్టణంలాగే తోస్తుంది. కాని అది సుమారు 60 అడుగుల పొడవు, 50 అడుగుల వెడల్పు గల చోట అమర్చిన బొమ్మల పట్టణం. అందులో 300 చిన్న చిన్న ఇళ్ళు, ఒక్కొక్క ఇంటిలో ఒక చిట్టి విద్యుద్దీపం. దానిని తీర్చిదిద్దిన కళాదర్శకులు మాధవపెద్ది గోఖలే, కళాధర్.

గోఖలే 1917లో జన్మించారు. ఆయనది గుంటూరు జిల్లా. మద్రాసు చిత్రకళాశాలలో ప్రసిద్ధ శిల్పి, చిత్రకారుడు దేవీప్రసాద్ రాయ్ చౌధురి వద్ద చిత్రకళ అభ్యసించారు. కుంచెతో పాటు కలాన్నీ చేతపట్టారు. ‘మా. గోఖలే’ అన్న పేరుతో కథలు రాశారు. పల్లెల్లోని పేదలు, కూలీలు ఆయన కథానాయకులు. నోరు విప్పి తమ కష్టం చెప్పుకోలేని వారి బతుకులను వారి పలుకుబడిలోనే ఆయన చిత్రించారు. ‘మూగజీవాలు’ ఆయన కథల సంపుటి.

గుడిసెల గురించి రాసిన ఆ రచయితే సినిమాలలో రాజభవనాలకు రూపకల్పన చేశారు. 1951లో విడుదలైన ‘పాతాళభైరవి’, 1957 నాటి ‘మాయాబజార్’, 1961 నాటి ‘జగదేకవీరుని కథ’ చిత్రాలకు కళాధర్‌తో కలిసి కళాదర్శకత్వం వహించారు. ‘మిస్సమ్మ’, ‘గుండమ్మ కథ’ వంటి సాంఘిక చిత్రాలలో మన ఇరుగుపొరుగు ఇళ్ళను తలపించే ఇళ్ళను నిలబెట్టారు. కోట అయినా, కొంప అయినా అందులో ఎవరు నివసిస్తారో, వారు ఎలా బతుకుతారో తెలిసినప్పుడే కళాదర్శకుడు దానిని నమ్మదగినట్లు కట్టగలడు. మనుషులను దగ్గరగా చూసిన రచయితకు ఆ తెలివిడి సహజంగానే అబ్బుతుంది.

కళాదర్శకుని పని కాగితం మీద మొదలవుతుంది. కథ చదివి, ముందుగా బొమ్మ గీస్తాడు. ఆ బొమ్మను అనుసరించి వడ్రంగులు చట్రాలు బిగిస్తారు. రంగులవారు చెక్కను పాలరాయిగా భ్రమింపజేస్తారు. నలుపు తెలుపు చిత్రాల కాలంలో ఏ రంగు తెరపై ఎంత నల్లగా, ఎంత తెల్లగా కనిపిస్తుందో కూడా ముందే లెక్క వేసుకోవలసి వచ్చేది. ‘మాయాబజార్’ సెట్ల కోసం వడ్రంగులు, రంగులవారు, దీపాలు పట్టేవారు మొదలైనవారు 400 మంది శ్రమించారు. దర్శకుడు కె.వి. రెడ్డి ఊహించిన లోకం, ఛాయాగ్రాహకుడు మార్కస్ బార్ట్లీ కెమెరాకు అందేలా నిలిచింది ఈ చేతుల మీదనే.

గోఖలే 1981లో కన్నుమూశారు. సినిమా పూర్తికాగానే సెట్లను విప్పివేస్తారు. ఆ చెక్కలు, గుడ్డలు మరొక సెట్టుకు పోతాయి. ఆ విధంగా ద్వారక ఏనాడో మాయమైంది. అయినా 2010లో ‘మాయాబజార్’ రంగులు అద్దుకుని మళ్ళీ విడుదలైనప్పుడు, అది కట్టిన నాటికి పుట్టని పిల్లలు సైతం ఆ నగరాన్ని కళ్ళారా చూశారు. ఈసారి మీరు ఆ చిత్రం చూసినప్పుడు నటుల వెనుకనున్న స్తంభాలను, ద్వారాలను, దీపాలను కూడా గమనించండి. పేరు తెలియని ఎందరో పనివారి శ్రమ వాటిలో ఉంది.